మిగులు కళ

జీవరత్నాన్ని నిలువునా రెండుగా కోసి ఒక ముక్క ప్రభుత్వం పట్టుకుపోతుందని మా పక్కింటి ఆదెమ్మ మా ఆవిడతో అందట. మా ఆవిడ ఆ సంగతి నా దగ్గరికి మోసుకొచ్చేసరికి పోయేది ఏ ముక్కో కూడా తేలిపోయింది. ఎడమ ముక్కేనట.

“నొప్పి తెలీకుండా ముందు మత్తుసూది వేస్తారంటలే” అంది మా ఆవిడ, నేను కంగారుపడతానని.

“ఆదెమ్మకి ఎవరు చెప్పారు?”

“వాళ్ళ తోడికోడలి తమ్ముడు టౌన్లో టీకొట్టు కాడ విన్నాడంట. పేపర్లో కూడా పడిందంట. ఫోటో వేశారంట.”

“కోసిన ఫోటోనా?”

“కోయకముందుది.”

ఆదెమ్మ మాటల్లో నిజం మజ్జిగలో వెన్నలాంటిది. ఎంతో కొంత ఉంటుంది, చిలకడానికి ఓపిక కావాలంతే. ఈసారి చిలికితే ముద్దే తేలింది.

మేకల జీవరత్నం మా పోలుకొండవాడు. నాతోపాటు బాపట్లలో బి.ఎ. వెలగబెట్టాడు. సినిమాల్లో వేషాలు వేస్తాడు, సినిమాలకు సంగీతం కూడా కడతాడు. ఈ రెండు విద్యలూ వాడికి విడివిడిగా రాలేదు. హైస్కూల్లో ఉండగా క్రిస్మస్ నాటకంలో వాడిది యోసేపు వేషం. సరిగ్గా ఆ సాయంత్రం హార్మోనియం వాయించే ఆయనకు చలిజ్వరం వచ్చింది. పాస్టరుగారు తల పట్టుకున్నారు. జీవరత్నం హార్మోనియాన్ని పశువులపాకలోకి లాక్కుని, మీద గడ్డి కప్పి, మరియమ్మ పక్కన చతికిలబడ్డాడు. ఒక చేత్తో తిత్తి కొడుతూ, ఇంకో చేత్తో మెట్లు నొక్కుతూ, సత్రంలో చోటు దొరకలేదని మొహంతో బాధపడ్డాడు. నొప్పులు మరియమ్మకా, యోసేపుకా అని మా ఊరి ముసలమ్మలు ఇప్పటికీ వాదించుకుంటారు.

హైదరాబాదు వెళ్ళి మొదట రికార్డింగ్ థియేటర్లలో వెనక వరసలో కూర్చుని వాయించాడు. ఒకరోజు ఒక డైరెక్టరుగారికి ట్యూను వినిపిస్తుంటే, “ట్యూను సంగతి తర్వాత చూద్దాం, ఆ మొహం ఇంకోసారి పెట్టు” అన్నాడాయన. అట్లా నటుడయ్యాడు. ఇంకో షూటింగులో చెట్టుకింద కూర్చుని తన షాట్ కోసం ఎదురుచూస్తూ ఏదో కూనిరాగం తీస్తుంటే, ఇంకో డైరెక్టరుగారు వచ్చి, “షాట్ సంగతి తర్వాత చూద్దాం, ఆ రాగం ఇంకోసారి తియ్యి” అన్నాడు. అట్లా సంగీత దర్శకుడయ్యాడు. అప్పటినుంచీ మొహానికి రంగు ఉన్ననాడు వేళ్ళకు పని లేదు, వేళ్ళకు పని ఉన్ననాడు మొహానికి రంగు లేదు. రెండూ ఒకేసారి కుదిరింది ఒక్క సినిమాలోనే. దానికేదో మంచి పేరే ఉంది గాని మా వైపు అందరూ గేదె సినిమా అంటారు.

అందులో రైతు పాడిగేదెను అమ్ముకుంటాడు. మా వైపు పశువును అమ్మితే పలుపు ఇవ్వరు. కొన్నవాడు తన తాడు తనే తెచ్చుకోవాలి. పాత పలుపు అమ్మినవాడి చేతిలో ఉండిపోతుంది, అది కూడా పోతే ఇంట్లో పాడి మళ్ళీ నిలవదని నమ్మకం. కొన్నవాడు గేదెను తోలుకుపోతుంటే, రైతు ఖాళీ పలుపు పట్టుకుని గుమ్మంలో నిలబడతాడు. మాటలేమీ లేవు. పాలు పితికేటప్పుడు గేదె కుదురుగా ఉండటానికి రోజూ తీసే కూనిరాగం తీస్తాడు, గేదె దూరంగా వీధి మలుపులో ఒకసారి ఆగుతుంది. అంతే సీను. రైతు వాడే, రాగమూ వాడే. పుట్టి బుద్ధెరిగి పేడ తొక్కనివాళ్ళు కూడా ఆ సీనుకు కొంగులు తడుపుకున్నారు.

అక్కడే వచ్చింది ముప్పు.

ఆ ఏడు ప్రభుత్వం చలనచిత్ర కళల క్రమబద్ధీకరణ మండలి అని ఒకటి పెట్టింది. దానికి అధ్యక్షులు నీలాద్రిరావుగారు, రిటైరైన డిప్యూటీ కలెక్టరు. వయసులో ఉండగా ఆయన భూసంస్కరణల కోర్టులో పనిచేసి, సీలింగు చట్టం కింద ఎంతోమంది భూస్వాముల చేత మిగులు భూములు కక్కించారు. ఆ రోజుల్లో ఆయన జీపు శబ్దం వింటే పొలాలు వాటంతటవే రెండుగా చీలిపోయేవని చెప్పుకునేవారు. చిక్కేమిటంటే, ఆ తర్వాత ఆయన్ని ఏ శాఖలో వేసినా ఆయన సీలింగే చేశారు. పశుసంవర్ధక శాఖలో వేస్తే ఆబోతుకు ఎన్ని ఆవులుండవచ్చో గరిష్ఠ పరిమితి విధించారు. దేవాదాయ శాఖలో వేస్తే దేవుళ్ళ చేతుల దగ్గర ఆగిపోయారు, రెండుకు మించినవి మిగులు కిందికి వస్తాయా రావా అని. ఆ ఫైలు ఇంకా నడుస్తోందంటారు. అందుకని ఎవరికీ అపకారం జరగని చోటు చూసి, కళల్లో వేశారు.

నీలాద్రిరావుగారు మొదటి సమావేశంలో ఇట్లా సెలవిచ్చారు:

“రాష్ట్రంలో కళ కొద్దిమంది చేతుల్లో కేంద్రీకృతమై ఉన్నది. ఒకే దేహమందు రెండేసి, మూడేసి కళలు అక్రమ అనుభవంలో ఉన్నట్లు మా దృష్టికి వచ్చినది. మరొక వైపు లక్షలాది మంది కళావిహీనులు ఒక్క సెంటు కళ కూడా లేక అల్లాడుతున్నారు. కావున మిగులు కళను స్వాధీనపరచుకొని, అర్హులైన కళావిహీనులకు పట్టాలు మంజూరు చేయబడును.”

ఆయనకు నేల గురించి తెలుసు గనక కళను కూడా రెండు తరగతులు చేశారు. ప్రేక్షకుడి కళ్ళలో తడి పుట్టించేది మాగాణి కళ. పుట్టించనిది మెట్ట కళ. భూచట్టంలో మెట్ట ఎక్కువ ఉంచుకోవచ్చు, మాగాణి తక్కువ. ఇక్కడా అంతే. ఒక మనిషి ఒక మాగాణి కళ గాని, రెండు మెట్ట కళలు గాని ఉంచుకోవచ్చు. దాటితే మిగులు.

ఈ మాట వినగానే సినిమా పరిశ్రమంతా ఊపిరి పీల్చుకుంది. చాలామందివి తరతరాలుగా మెట్టే. ఒక పెద్ద హీరోగారికి నటన, నాట్యం, గానం, దర్శకత్వం నాలుగూ ఉండటంతో కొంచెం ఇబ్బంది వచ్చింది గాని, ఆయన నాలుగూ బంజరు కింద రాయించుకుని బయటపడ్డారు. బంజరుకు సీలింగు లేదు. అధికారులు విచారణ కూడా అక్కర్లేదన్నారట.

దొరికిపోయింది మా జీవరత్నం.

* * *

వాడు ఊరికి వచ్చిన రోజు నేను వాళ్ళింటికి వెళ్ళాను. వాళ్ళమ్మ సువార్తమ్మ వసారాలో గోనెపట్టా మీద కూర్చుని ఎండుమిరపకాయలకు తొడాలు తీస్తోంది. కొడుకు సినిమాల్లో ఎంతెత్తుకు ఎదిగినా సీజన్లో ఆవిడ తొడాలు తీయడం మానలేదు. ఊరికే కూర్చుంటే చేతులకు దురద అంటుంది.

“ఏరా, నిన్ను కోస్తారంటగా?” అన్నాను.

“కొయ్యరురా. అప్పగించమంటన్నారు” అన్నాడు జీవరత్నం. “నటనో, సంగీతమో. ఏది అప్పగిస్తే అది ఇంక జన్మలో చెయ్యకూడదు. నటన ఇచ్చేస్తే కెమెరా ముందుకు రాకూడదు సరే, పెళ్ళిళ్ళలో భోజనం బావుందని కూడా అనకూడదంట, అదీ నటన కిందికే వస్తదంట. సంగీతం ఇచ్చేస్తే స్నానం చేసేటప్పుడు కూడా నోరు మెదపకూడదు.”

“పోనీ ఒకటి ఇచ్చెయ్యి. ఒకటుంటే చాలదా బతకటానికి?”

వాడు నా మొహంలోకి చూశాడు. “ఏది ఇమ్మంటావు? నాకు పాట ముందు మొహంలోకి వస్తదిరా. ఆ మొహం పెట్టుకుని కూర్చుంటే అప్పుడు దిగుతుంది వేళ్ళలోకి. మొహం వాళ్ళకిచ్చేస్తే వేళ్ళు ఏం చేస్తయ్? వేళ్ళు ఇచ్చేస్తే, మొహం పెట్టుకుని ఏం చెయ్యను, దిష్టిబొమ్మలా?”

“ఎద్దును రెండు చేసి కుడిపక్క నీకు, ఎడంపక్క నాకు అంటే రెండు పక్కలా మాంసమే మిగిలుద్ది గాని దుక్కి దున్నుద్దా?” అంది సువార్తమ్మ, మిరపకాయ మీదినుంచి చూపు ఎత్తకుండా.

ఇంతలో గుమ్మం ముందు మోపెడ్ ఆగింది. మండలి పంపిన కళా ఇన్‌స్పెక్టరు కోటిలింగంగారు దిగాడు. సన్నగా, పొడుగ్గా, సర్వే కర్రలా ఉన్నాడు. సంచిలోంచి ఒక స్టాప్‌వాచీ, ఒక కొలతటేపు తీసి అరుగు మీద పెట్టాడు.

“నటన, సంగీతముల మధ్య హద్దు నిర్ణయించుటకు వచ్చితిని” అన్నాడు. “సదరు సీను ఇక్కడ ప్రదర్శింపుడు.”

జీవరత్నం లేచి, దండెం మీద ఉన్న తాడు పట్టుకుని గుమ్మంలో నిలబడ్డాడు. రాగం తీశాడు. సువార్తమ్మ చేతులు ఆగిపోయాయి. కోటిలింగంగారు మటుకు వాచీ నొక్కుతూ, వాడి పెదవులకు దగ్గరగా మొహం పెట్టి చూస్తూ నిలబడ్డాడు.

“ఆపుడు. ఇక్కడ శబ్దము గొంతులోంచి వచ్చుచున్నది, అది సంగీతము. అదే సమయమున గొంతు వణుకుచున్నది, అది నటన. ఈ రెంటి మధ్య గట్టు ఎక్కడ?”

“గట్టు లేదండి” అన్నాడు జీవరత్నం.

“గట్టు లేని ఆస్తి ఉండదు. ఉన్నచో అది పోరంబోకు. పోరంబోకు యావత్తూ ప్రభుత్వమునకు చెందును.”

జీవరత్నం బెదిరిపోయాడు. “ఉందండి, ఉంది. ఎక్కడో ఉంటుంది. చూడండి.”

“గట్టు మీద తాటిచెట్టు లాంటిదయ్యా అది” అంది సువార్తమ్మ. “వేరు ఇద్దరి పొలంలోనూ ఉంటది. పండు ఎటు రాలితే వాళ్ళు తింటారు.”

కోటిలింగంగారు పెన్ను తీసి, “గట్టుపై తాటిచెట్టు ఒకటి గలదు” అని పలుకుతూ రాసుకున్నాడు. “ఈ చెట్టు గురించి నోటీసులో లేదే. కల్లు గీయుచున్నారా?”

హద్దు తేలకపోవడంతో విచారణ థియేటర్లోనే జరపాలని నిర్ణయమైంది. టౌన్లో ఒక సినిమా హాలు తీసుకుంటారు. ఆ సీనును ముందు శబ్దం లేకుండా బొమ్మ ఒక్కటే వేస్తారు. ప్రేక్షకులు ఏడిస్తే నటన మాగాణి. తర్వాత బొమ్మకు అట్ట అడ్డం పెట్టి శబ్దం ఒక్కటే వినిపిస్తారు. ఏడిస్తే సంగీతం మాగాణి. ప్రేక్షకులుగా సొంత ఊరివాళ్ళే ఉండాలి, ఎందుకంటే పంట గురించి సాక్ష్యం చెప్పాల్సింది గ్రామస్థులే అని నీలాద్రిరావుగారి అనుభవం.

అప్పుడు వెలిగింది నాకు.

“అమ్మా, మనవాళ్ళెవరూ ఏడవకపోతే?” అన్నాను, ఇన్‌స్పెక్టరు మోపెడ్ మలుపు తిరిగాక. “రెండూ మెట్ట అవుతయ్. మెట్ట రెండు ఉంచుకోవచ్చు.”

సువార్తమ్మ కొడుకు వైపు చూసింది. కొడుకు నేల వైపు చూశాడు. ఇరవయ్యేళ్ళుగా జనాన్ని ఏడిపించటానికి తంటాలు పడ్డవాడు, ఇప్పుడు ఒక్క మనిషి కూడా ఏడవకపోతేనే బతుకుతాడు.

* * *

ఊరంతా చర్చి పాకలో కూడింది. విషయం చెప్పాను. ముందుగా లేచింది ఏసోబు మామ. ఆయన తొలినాళ్ళ నాటకాల్లో హేరోదు రాజు వేషం వేసేవాడు, ఇప్పటికీ మాట్లాడితే రాజాజ్ఞలాగే ఉంటుంది.

“ఏడవకుండా ఉండటం ఒక విద్యా ఏంది? మా ఆవిడ పుట్టింటి నుంచి తిరిగొచ్చినప్పుడల్లా నేను చేస్తున్నదదేగా?”

“నువ్వు ఏడవవులే మామా, ఎదుటోళ్ళని ఏడిపిస్తావు” అంది ఆదెమ్మ. “నా సంగతి చూడండి. ఎవరింటి దూడ పోయినా నాకు కళ్ళెంట నీళ్ళాగవు. ఆ గేదె వెనక్కి తిరిగి చూసుద్దే, అప్పుడెట్టా?”

“నువ్వు రావొద్దు.”

“నేను రాకపోతే అక్కడ జరిగింది ఊరికెవరు చెప్తారు?” అంది ఆదెమ్మ. ఇది కాదనలేని మాట గనక ఆవిడ్ని కూడా తీసుకెళ్ళాలని తీర్మానించారు.

విచారణ రోజు దాకా మిరపకాయలు ఎవరూ ముట్టుకోకూడదన్నారు. ఉల్లిపాయలు తరగడం మగవాళ్ళకు అప్పగించారు, మగవాళ్ళ కన్నీళ్ళు ఎట్లాగూ ఎవరూ నమ్మరు గనక. ఇక శిక్షణ మిగిలింది. అది ఇవ్వగలిగినవాడు ఒక్కడే.

జీవరత్నం పాక మధ్యలో నిలబడి, తన సీనును తనే ఊడదీయడం మొదలుపెట్టాడు.

“ఆ గేదె నాది కాదు. కిరాయికి తెచ్చారు. దాని పేరు కూడా నాకు తెలీదు.”

“సరే” అన్నారు జనం.

“మలుపు కాడ ఆగింది నా మీద బెంగతో కాదు. అక్కడ ఒకడు దాణా ఎర చూపిస్తా చిట్టుతట్ట పట్టుకుని కూర్చున్నాడు.”

“అయ్యో” అంది ఆదెమ్మ, నిజంగా బాధపడి. “నేనింకా నీ కోసం అనుకున్నానే.”

“పలుపు కూడా కొత్తదే. పాతదానిలా కనపడాలని బురదలో తొక్కారు. నా కళ్ళలో నీళ్ళు గ్లిజరిను.”

ఆ గ్లిజరిను మాట మాత్రం అబద్ధం. నాకు తెలుసు, వాళ్ళమ్మకూ తెలుసు. వాళ్ళ నాన్న గేదెను అమ్మిన రోజు వాడూ నేనూ వాళ్ళింటి వసారాలోనే ఉన్నాం. అయినా సువార్తమ్మ నోరెత్తలేదు. కొడుకు ఒక్కో రహస్యం విప్పుతుంటే, ఇంట్లో సామాను ఒక్కొక్కటే బయటికి మోస్తుంటే చూసినట్టు చూస్తూ కూర్చుంది.

శిక్షణ బాగా పట్టింది. మూడోసారి సీను చేసి చూపిస్తే, ఏసోబు మామ ఆవలించాడు. జనం చప్పట్లు కొట్టారు. జీవరత్నం కూడా కొట్టాడు, కొంచెం ఆలస్యంగా.

ఈ మధ్యలో పొరుగూరి రైసుమిల్లు సోమసుందరం కారేసుకుని వచ్చాడు. కళావిహీనుల కోటాలో మొదటి పట్టా ఆయనకే మంజూరు కాబోతోంది. అందుకు మండల రెవెన్యూ అధికారి ముందు ఒక పాట పాడి, ఒక పాత్ర పోషించి, తనకు ఏ కళా లేదని నిరూపించుకున్నాడు. ఆ అధికారి పాట పూర్తవకముందే సంతకం పెట్టాడట.

“నాకైతే సంగీతమే వస్తే బాగుండనిపిస్తుంది, తమ్ముడూ” అన్నాడు సోమసుందరం, జీవరత్నం హార్మోనియాన్ని సంతలో ఎద్దును చూసినట్టు చుట్టూ తిరిగి చూస్తూ. “నటన మిల్లులో రోజూ చేసేదేగా. ఇంతకీ ఇందులో ఏం మిగిలున్నయ్?”

“మిగలటమేంటండి?”

“ట్యూన్లు. ఇంకా వాడకుండా ఉన్నయ్యి. పల్లవులు నేనుంచుకుంటా, చరణాలు మా బావమరిదికి కౌలుకిస్తా. నువ్వు మంచోడివి, అప్పగించేలోపు కొత్తవి కట్టి అరగదియ్యమాక.”

“రాగాలు అరగవండి.”

“అట్టాగే అంటారు. మా టైర్లు కూడా అరగవన్నాడు అమ్మినోడు.”

* * *

విచారణ ఉదయం పూట పెట్టారు. హాల్లో మా ఊరివాళ్ళందరికీ తలా ఒక బ్లాటింగు కాగితం ఇచ్చారు, కళ్ళకింద అద్దుకుని తిరిగి ఇవ్వాలి. జీవరత్నాన్ని లోపలికి రానివ్వలేదు, ఆస్తిదారుడు కొలత దగ్గర ఉండకూడదట. వాడు పక్క తలుపు బయట, సైకిల్ స్టాండు దగ్గర నిలబడ్డాడు. ముందు వరసలో సోమసుందరం, బావమరిదితో సహా. బావమరిది ఒళ్ళో కవరు కూడా విప్పని కొత్త హార్మోనియం.

నీలాద్రిరావుగారు తెర ముందు నిలబడ్డారు. “గ్రామస్థులు ఎట్టి ప్రలోభములకూ, ఎట్టి బెదిరింపులకూ లోనుకాక, స్వేచ్ఛగా, నిష్పక్షపాతముగా ఏడ్వవలెను. ఏడుపు రానివారు ఏడ్వనక్కరలేదు. కాని వచ్చిన ఏడుపును దాచుట నేరము.”

మొదట బొమ్మ. శబ్దం లేదు. జీవరత్నం గుమ్మంలో నిలబడ్డాడు, పలుపు చేతిలో. గొంతు కదులుతోంది, ఏమీ వినపడటం లేదు. నేను చిట్టుతట్ట, చిట్టుతట్ట అనుకుంటూ కూర్చున్నాను. ఏసోబు మామ పైకప్పు వైపు చూస్తున్నాడు. ఆదెమ్మ కొంగు మొత్తం నోట్లో కుక్కుకుంది, గేదె ఆగేసరికి ఇంకో కొంగు కోసం పక్కదాని వైపు చెయ్యి చాపింది. సువార్తమ్మ మాత్రం రెప్ప వెయ్యకుండా తెర వైపే చూస్తూ, రాతిలో చెక్కినట్టు కూర్చుంది.

లైట్లు వేశారు. కోటిలింగంగారు వరసల మధ్య తిరుగుతూ కాగితాలు లైటుకు పట్టి చూశాడు. అన్నీ పొడే. తడిసింది ఒక్కటే, అది ఆయన చేతిలోదే.

“ఇదేమిటి?” అన్నారు నీలాద్రిరావుగారు.

కోటిలింగంగారు ముక్కు తుడుచుకున్నాడు. “చిత్తం. చిన్నప్పుడు మాకూ ఒక గేదె ఉండేదండి.”

“విధి నిర్వహణలో ఉన్న అధికారి కన్నీరు ప్రభుత్వ ఆస్తి. అది ఎవరి ఖాతాలోనూ జమ కాదు. ఆ కాగితం చించివేయుము. నటన మెట్ట.”

మా గుండెలు ఎగిరి గంతేశాయి. మొహాలు మాత్రం కదల్లేదు.

తర్వాత అట్ట అడ్డం పెట్టి, హాలంతా చీకటి చేశారు. ఆ చీకట్లో రాగం వచ్చింది.

బొమ్మ ఉన్నప్పుడే నయం, చూపు ఎటైనా తిప్పుకోవచ్చు. చెవులకు రెప్పలు లేవు. ఆ రాగం వసారాల్లోకి, పాలకుండల్లోకి, చచ్చిపోయిన మా అందరి నాన్నల దగ్గరికి పోయి వచ్చింది. నా పక్కన ఎవరో తొడ గిల్లుకుంటున్న చప్పుడు. గిల్లింది నా తొడ అని తర్వాత తెలిసింది. అయినా ఒక్క ముక్కు చీదిన శబ్దం లేదు. చీకట్లో ఊరు ఊరంతా ఒక మనిషి కోసం ఊపిరి బిగబట్టి కూర్చుంది. నేను చాలా సభలు చూశాను గాని, ఒక కళాకారుడికి అంత గౌరవం జరగడం మళ్ళీ చూడలేదు.

లైట్లు వేశారు. కాగితాలు తీశారు. అన్నీ పొడే. ఇన్‌స్పెక్టరు ఈసారి ముందుజాగ్రత్తగా చెవుల్లో దూది పెట్టుకున్నాడు.

“సంగీతము మెట్ట” అన్నారు నీలాద్రిరావుగారు, పెన్ను మూత తీస్తూ. సోమసుందరం మొహం ముడుచుకుపోయింది. బావమరిది హార్మోనియాన్ని కుర్చీ కిందికి నెట్టాడు.

అప్పుడు పక్క తలుపు దగ్గర నుంచి ఎవరో వెక్కి వెక్కి ఏడుస్తున్న శబ్దం వచ్చింది.

అందరం తలలు తిప్పాం. తలుపు రెక్క పట్టుకుని జీవరత్నం నిలబడి ఉన్నాడు. లోపల ఏం జరుగుతుందో ఆగలేక సందులోంచి తొంగి చూశాడట. రాగం అయిపోయి లైట్లు వెలిగేసరికి వాడికి కనపడింది మేము. ఏసోబు మామ, ఆదెమ్మ, నేను, వాళ్ళమ్మ, తన వాళ్ళు అందరూ ఆ రాగం విని కూడా ఎండిన చెరువుల్లాంటి మొహాలతో కూర్చుని ఉన్నాం. మేము ఎందుకట్లా ఉన్నామో వాడికి తెలుసు. ఉండమని నేర్పింది కూడా వాడే. అయినా ఏడుస్తున్నాడు. బుగ్గల మీదుగా, చొక్కా మీదికి, ధారగా.

కోటిలింగంగారు పరిగెత్తుకెళ్ళి వాడి చెంపకు కాగితం అద్దాడు. అది తడిసి చేతిలోనే చిరిగిపోయింది.

“అయ్యా, వాడు ఏడ్చింది నటన చూసి కాదు, సంగీతం విని కాదు” అని నేను లేచి అరిచాను. “ఎవరూ ఏడవలేదని ఏడ్చాడు!”

“నీరు ఎందుకు వచ్చినదన్నది ఈ చట్టమునకు అప్రస్తుతము. వచ్చినదా లేదా అన్నదే ప్రశ్న” అన్నారు నీలాద్రిరావుగారు. ఆయన కళ్ళలో పాత జీపు రోజుల వెలుగు కనపడింది. “ఇది సొంత ఊట. కాలువ పారకపోయినా, వాన పడకపోయినా, సొంత ఊటబావి ఉన్న భూమి మాగాణియే అగును. ఈ విషయమై నేను ఎందరో భూస్వాములను ఓడించితిని. నటన మాగాణి. సంగీతము మాగాణి. ఒకటి మిగులు.”

“ఆస్తిదారుడు కొలత దగ్గర ఉండకూడదన్నారుగా, మరి వాడి ఏడుపు లెక్కెట్టా?” అన్నాను.

“ఆస్తిదారుడు కొలత వద్ద ఉండరాదని అన్నాము. ఉన్నాడు. అది అతని తప్పు.”

సోమసుందరం లేచి నిలబడ్డాడు. బావమరిది కుర్చీ కిందినుంచి హార్మోనియం మళ్ళీ ఒళ్ళోకి తీసుకున్నాడు.

జీవరత్నాన్ని తెర ముందుకు తీసుకొచ్చారు. బల్ల మీద వాడి రెండు గుర్తింపు కార్డులు పక్కపక్కన పెట్టారు, నటుడి కార్డు ఒకటి, సంగీత దర్శకుడి కార్డు ఒకటి. రెండింటి మీదా ఒకే మొహం.

“ప్రభుత్వము నిర్దయ కలది కాదు” అన్నారు నీలాద్రిరావుగారు. “స్వచ్ఛంద సమర్పణకు అవకాశమిచ్చుచున్నాము. ఏది వదులుకొందువో నీవే చెప్పుము.”

జీవరత్నం ఒక కార్డు మీద చెయ్యి పెట్టాడు. తీశాడు. రెండోదాని మీద పెట్టాడు. మళ్ళీ మొదటిదాని మీదికే వచ్చాడు. ఆ మొహం చూసి కోటిలింగంగారు ఇంకో కాగితం కోసం సంచిలో వెతుక్కున్నాడు.

“ఇట్లైన తెల్లవారదు” అన్నారు నీలాద్రిరావుగారు. ఆయన మా వైపు తిరిగి, సువార్తమ్మను గుర్తుపట్టి, గొంతు కొంచెం మెత్తన చేసుకున్నారు. “తల్లివి నువ్వేనా? లే. బాగా ఆలోచించి చెప్పు. పుట్టినప్పటినుంచీ చూస్తున్నదానివి, నీకంటే ఎవరికి తెలుస్తుంది? నువ్వు చెప్పినదే తీర్పుగా రాస్తాను. ఏది లేకపోయినా మీకు లోటుండదు?”

సువార్తమ్మ లేచింది. తన పొడి కాగితాన్ని మడిచి కుర్చీలో పెట్టింది. కొడుకు వైపు చూసింది, బల్ల వైపు చూసింది, నీలాద్రిరావుగారిని పై నుంచి కింది దాకా చూసింది.

“మీరు లేకపోతే మాకే లోటూ ఉండదు బాబుగారూ” అంది.